బల్లారో బజారు కేకలు

బల్లారో బజారులో బేరాలు లేని పూట కేకలు మిన్నంటాయంటే, ఎక్కడో ఒక మగాడు పెళ్ళాన్ని కొడుతున్నాడని లెక్క. ఇది మా పలెర్మో ఊరి మర్యాద. ఇంటి గొడవ వీధిలో వినబడితే ఆ ఇంటికి తలవంపులు కదా, అందుకని చుట్టుపక్కల అంగళ్ళవాళ్ళు గొంతులు పెంచుతారు. నత్తలవాడు నత్తలని అరుస్తాడు, నిమ్మకాయలవాడు నిమ్మకాయలని అరుస్తాడు, ఆలివ్ కాయలవాడు తన గొంతు చాలదన్నట్టు తమ్ముణ్ణి కూడా లేపుతాడు. దెబ్బల చప్పుడూ ఏడుపూ ఆ హోరులో కలిసిపోతాయి. కొట్టినవాడి పరువూ దెబ్బలు తిన్నదాని పరువూ రెండూ నిలబడ్డాయని మావాళ్ళు తృప్తి పడతారు. ఎముకలు నిలబడ్డాయా అని మాత్రం ఎవరూ అడగరు.

ప్రొవిదెన్సా కమ్మరాతాకు ఈ మర్యాద ఏళ్ళ తరబడి జరిగింది. బజారంతా ఆమెను ఎన్జా అంటుంది. తండ్రి గొడ్ల పేగులు, పొట్ట ఉడికించి అమ్మేవాడు. ఆ కాగు పక్కనే పుట్టి, ఆ ఆవిరిలోనే పెరిగి, గంప మొమ్మోను కట్టుకుంది. మొమ్మో దూడమాంసపు తునకలు, కొవ్వు, నరాలు వేయించి గంపలో పోసి, పైన గుడ్డ కప్పుకుని కేకలేస్తూ తిరిగేవాడు. గుడ్డ కింద చెయ్యి పెట్టి గుప్పెడు తీసి కాగితంలో పెడతాడు. లోపల ఏముందో కొనేవాడు చూడకూడదు, అడగకూడదు. పెళ్ళీ అలాగే జరిగింది. గుడ్డ ఎత్తి చూడకుండానే ఎన్జా మొగుణ్ణి తెచ్చుకుంది.

మొమ్మో కొట్టడానికి పెద్ద కారణాలేమీ ఉండేవి కావు. గంప ఖాళీ కాకపోతే కోపంతో కొట్టేవాడు, ఖాళీ అయితే తాగొచ్చి కొట్టేవాడు. బెల్టుతో కొట్టాడు, కుర్చీతో కొట్టాడు, ఒకసారి ఆమె చేతిని తలుపు సందులో పెట్టి తలుపు మూశాడు. నిన్ఫా కడుపులో ఉన్న నెలల్లో జుట్టు పట్టుకుని సందులోకి ఈడ్చుకొచ్చి అందరి ముందూ తన్నాడు. చెయ్యి చాస్తే అందేంత దూరంలో కూరగాయల బస్తియానో నిలబడి ఉన్నాడు. ఎన్జా ఆయన వంకే చూసింది. ఆయన ఆకాశం వంక చూసి, "వంకాయలు, నల్ల వంకాయలు" అని గొంతు చించుకున్నాడు. ఆ రోజు ఆయన బండి మీద వంకాయలు లేనే లేవు.

తల్లికి చెప్పుకుంటే, నువ్వు నోరు మూసుకుని పడుంటే పాపం వాళ్ళ గొంతులకైనా కాస్త విశ్రాంతి కదే అంది. ఎన్జా నోరు మూసుకుంది. మూసుకుంటే తక్కువ తగులుతాయనుకుంది గానీ, ఎడమవైపు పళ్ళు మూడు అప్పటికే పోయాయి.

ఆ మొమ్మో ఒక ఆదివారం పేకాడుతూ, చేతిలో ముక్కలు చేతిలో ఉండగానే పక్కకి ఒరిగిపోయాడు. ఎన్జాకు ఏడుపు రాలేదు. వచ్చినవాళ్ళు ఏమైనా అనుకుంటారని వంటింట్లోకి వెళ్ళి ఉల్లిపాయలు కోసి కళ్ళు ఎర్ర చేసుకొచ్చింది. కోసినవి పారేయడం ఎందుకని సాయంత్రం వండుకుని, చాలాకాలానికి కడుపునిండా తిన్నది.

తర్వాత విదేశీయులు దిగే ఒక చిన్న బసలో పక్కలు సర్దే పని దొరికింది. పొద్దున్నే ఆమె బజారుకు బయల్దేరితే బసలోని తెల్లదొరలు ఇద్దరు ముగ్గురు వెంటపడేవారు. అదేంటి, ఇదేంటి అని అడిగేవారు. ఆమె ఇంగ్లీషు జల్లెడలా చిల్లులమయం. అయినా పేగు అని చెప్పడానికి భాష ఎందుకు, చెయ్యి పొట్ట మీద పెడితే చాలు. అలా అలా అదే వృత్తి అయింది. ఒక పసుపు గొడుగు కొనుక్కుంది. దాన్ని మడిచి పైకెత్తి నడిచేది, వెనకాల పది పదిహేనుమంది నడిచేవారు. ఎన్నిసార్లు తప్పిపోయారో గానీ, ఆమె చెప్పే మొదటి మాట ఎప్పుడూ ఒకటే: ఏం జరిగినా గొడుగు వెంటే రండి.

శనగపిండి బిళ్ళల అంగడి దగ్గర మొదలుపెట్టేది. అక్కణ్ణించి ఆక్టోపస్‌ను కళ్ళముందే కసకసా కోసి పెట్టేవాడి దగ్గరికి, అక్కణ్ణించి గొడ్డు ప్లీహాన్ని కొవ్వులో వేయించి రొట్టెలో పెట్టిచ్చేవాడి దగ్గరికి. తినడానికి జంకేవాళ్ళను ఊరుకునేది కాదు. ఈ ఊరిని ఏలడానికి వచ్చిన ప్రతివాడూ కండ తిని పేగులు మా మొహాన కొట్టాడు, మేం పేగులే తిని బతికాం, వాళ్ళెవరూ ఇప్పుడు లేరు, మీకేం కాదు తినండి అనేది. వాళ్ళు నవ్వుతూ తినేవారు. మరి ఈ కేకలేమిటని ఎవరో ఒకరు రోజూ అడిగేవారు. ఇది మా సంగీతం అని చెప్పేది. ఆ అబద్ధం చెప్పినప్పుడల్లా ఆమెకు నోట్లో ఖాళీ చిగుళ్ళు సలిపేవి.

కూతురు నిన్ఫా చేపల సవేరియోను ప్రేమించి పెళ్ళి చేసుకుంది. మనిషి ఎర్రగా బుర్రగా ఉంటాడు, మాటకారి. కత్తిచేపను ఒక్క వేటుకు ముక్క చేస్తాడు. కాపురం మొదలైన ఆరునెలలకు, బేరాల్లేని ఒక మధ్యాహ్నం, చేపల వరుసలో కేకలు లేచాయి. మధ్యాహ్నాలు ఇంకా బసలో పనిచేసే ఎన్జా అప్పుడు మేడ మీద దుప్పట్లు ఆరేస్తోంది. చేతిలో దుప్పటి చేతిలోనే ఉండిపోయింది. ఆమెకు ఎవరూ ఏమీ చెప్పనక్కర్లేదు.

ఆ సాయంత్రం కూతుర్ని ఇంటికి పిలిచి, మెడ మీద నల్లగా కమిలిన వేళ్ళ గుర్తులు చూసి, తలుపు గడియ పెట్టి అడిగింది.

"ఒక్క మాట చెప్పవే తల్లీ. కొట్టాడని ఒక్క మాట నీ నోటితో చెప్పు చాలు. మిగతాది నేను చూసుకుంటా."

"ఏం చెప్పమంటావమ్మా? నాన్న గురించి నువ్వెవరికైనా చెప్పావా?"

ఎన్జా గడియ తీసింది. తానే ఠాణాకు వెళ్ళింది. అక్కడి పెద్దాయన కాఫీ తెప్పించి, మర్యాదగానే మాట్లాడి, దెబ్బలు తిన్న మనిషి వచ్చి చెప్పాలమ్మా, తల్లి చెబితే ఎంతవరకు నిలబడుతుంది అన్నాడు. ఆ తర్వాత ఎన్నిసార్లు అడిగినా నిన్ఫా భుజాలు ఎగరేసి ఊరుకునేది. ఆ పిల్ల నోరు తెరవడం ఒక్కటే ఎన్జాకు ఈ లోకంలో కావలసింది. తెరవకపోతే ఏదో ఒకరోజు కూతుర్ని పాడె మీద చూడాల్సి వస్తుందని ఆమెకు రూఢిగా తెలుసు.

ఈలోగా చేతనైన ఉపాయం ఒకటి చేసింది. నడక దారి మార్చి, సవేరియో అంగడి ముందు రోజూ అందర్నీ ఆపడం మొదలుపెట్టింది. అతని అంగట్లో పెట్టే సార్డీన్ చేపల వేపుడు నూనె కంపు కొడుతుంది, చుట్టాలకైనా పెట్టకూడదు. అయినా అక్కడే ఎక్కువసేపు నిలబెట్టేది. మనవాళ్ళు చూపు తిప్పుకుంటారు, విదేశీయులు చూడ్డానికే వస్తారు. అంతమంది చూస్తుండగా ఎవడూ కొట్టడు. సవేరియోకు అది భలే నచ్చింది. కత్తిచేప తలను బండ మీద నిలబెట్టి, దాని పక్కన తన మొహం పెట్టి ఫోటోలు దిగేవాడు. "మా అత్తగారండీ, మొగుణ్ణి తినేసి ఇప్పుడు ఊళ్ళవాళ్ళకి వడ్డిస్తోంది" అని అందరి ముందూ వేళాకోళం చేసేవాడు. ఏమంటున్నాడని అతిథులు అడిగితే, స్వాగతం అంటున్నాడని చెప్పేది. వెనకాల నిన్ఫా తలొంచుకుని చేపల పొలుసు గీస్తూ ఉండేది.

ఇలా ఒక ఏడాది నెట్టుకొచ్చింది.

జూన్ నెలలో ఆఫ్రికా వైపు నుంచి వేడిగాలి తోలిన రోజది. బజారులో ఈగలు తప్ప కొనేవాళ్ళు లేరు. ఆ పూట ఎన్జా వెంట ఉన్న పదిహేనుమందిలో ఎక్కువమంది హాలండువాళ్ళు. శనగపిండి బిళ్ళలు ఇంకా చేతుల్లో పొగలు కక్కుతుండగానే, చేపల వైపు నుంచి ఒక కేక లేచింది. దాన్ని నత్తలవాడు అందుకున్నాడు, వాడి దగ్గర్నుంచి నిమ్మకాయలవాడు, వాడి దగ్గర్నుంచి ఆలివ్ కాయల అన్నదమ్ములు. సందంతా దద్దరిల్లింది. అతిథులకు పండగలా ఉంది. ఒక పొడుగాటి ఆయన తాళం వేస్తూ చప్పట్లు కొట్టాడు. మెడలో పూసలు వేసుకున్న ఒక పెద్దావిడ ఫోను పైకెత్తి, ఎంత అందమైన సంగీతమో అని మెచ్చుకుంది.

ఎన్జా నత్తలవాడి వంక చూసింది. వాడు చూపు దించుకున్నాడు. బస్తియానో వంక చూసింది. ఆయన ముసలివాడయ్యాడు, ఎండాకాలం కదా, సొరతీగ కొసలు కట్టలు కట్టి అమ్ముతున్నాడు. అటూ ఇటూ చూసి, కళ్ళు మూసుకుని, "లేత సొరకొసలు" అని ఇంకాస్త గట్టిగా అరిచాడు. తన బిడ్డ ఎముకలు విరుగుతుంటే కప్పడానికి అదే గొంతు మళ్ళీ లేచింది. అప్పుడు ఎన్జాకు పుట్టిన కోపం ముందు సవేరియో మీద కాదు, ఆ గొంతు మీద. వెళుతూ వెళుతూ గొడుగుతో ఆయన బండి మీద ఒక్కటి వేసింది. కట్టలన్నీ నేల పాలయ్యాయి.

తర్వాత పరిగెత్తింది. గొడుగు వెంటే రమ్మని తానే చెప్పింది కాబట్టి, ఆ పదిహేనుమందీ చేతుల్లో బిళ్ళలతో వెనకే పరిగెత్తారు.

అంగడి వెనకున్న ఐసు గదిలో సవేరియో ఒక చేత్తో నిన్ఫా మెడ పట్టి, ఆమె మొహాన్ని ఐసు తొట్టిలో కుక్కి ఉంచాడు. రెండో చేత్తో వీపు మీద గుద్దుతున్నాడు. ఆమె కాళ్ళు గాల్లో తన్నుకుంటున్నాయి. సార్డీన్ల బుట్ట తిరగబడి చేపలన్నీ ఆ కాళ్ళ కింద నలుగుతున్నాయి. ఎన్జా గొడుగుతో అతని తల మీద కొట్టింది. గొడుగు రెండు ముక్కలైంది. సవేరియో తిరిగి చూసి, తీరిగ్గా కూతుర్ని వదిలి, తల్లి మొహం మీద వెనకచేత్తో కొట్టాడు. ఆమె వెళ్ళి బండకు గుద్దుకుంది. లేవబోతుంటే చేపలు లాగే కొక్కెం తీసుకుని మోచేతి కింద దించి గీరాడు. చర్మం చీలిపోయి రక్తం ఐసు మీద పడింది.

"నీ మొగుడు నీకు సరిగ్గా నేర్పలేదే ముసలిదానా" అన్నాడు.

అంటూ కుడిచెయ్యి బండకు ఆనించి ఆమె మీదికి వంగాడు. చేప వెన్నెముక తెగకపోతే కత్తి మీద కొట్టే కొయ్య సుత్తి ఆ బండ మీదే ఉంది. ఎన్జా దాన్ని రెండు చేతులా ఎత్తి అతని చేతి మీద దింపింది. వేళ్ళు పటపటమన్నాయి. అతను కేక పెట్టేలోపు రెండోసారి దింపింది. చెయ్యి లాక్కోబోతే మణికట్టు మీద పడింది మూడో దెబ్బ. అతను మోకాళ్ళ మీద కూలిపోయాక కూడా ఆగలేదు. భుజం మీద కొట్టింది, వీపు మీద కొట్టింది. అందులో సవేరియోకు చెందాల్సినవి కొన్నే. మిగతావన్నీ పేకముక్కలు పట్టుకుని చచ్చిపోయిన మొమ్మోవి. కొడుతున్నంతసేపూ ఆమెకు హాయిగా ఉంది, అందులో దాచడానికేం లేదు. చివరికి పూసల పెద్దావిడే వచ్చి వెనకనుంచి నడుం పట్టి లాగింది.

అప్పటికి బజారులో ఒక్క గొంతు లేదు. అందరూ వాకిలి దగ్గర గుమిగూడారు.

పోలీసులు ఇద్దరొచ్చారు. ఒకరు ఉత్తరాది నుంచి కొత్తగా వచ్చిన యువకుడు, మరొకరు ఇక్కడే పుట్టి పెరిగిన పెద్దమనిషి, ఠాణాలో ఎన్జాకు కాఫీ తెప్పించినాయనే. ఏం జరిగిందని యువకుడు అడిగాడు. నత్తలవాడు తను నత్తలు అమ్ముకుంటున్నానని, ఏమీ చూడలేదని అన్నాడు. ఆలివ్ కాయల అన్నదమ్ములు కూడా అదే పాట పాడారు. బస్తియానో ముందుకొచ్చి, టోపీ తీసి, నెమ్మదిగా చెప్పాడు.

"జారి పడ్డాడండీ. నేలంతా ఐసు నీళ్ళు, చూడండి. చెయ్యి కింద పడింది పాపం."

చెప్పి ఎన్జా వంక చూశాడు. అన్నేళ్ళకు ఆమె బాకీ తీర్చినట్టు ఆయన కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఆమెకు ఆయన మొహం మీద ఉమ్మాలనిపించింది. ఒక్కరోజు, ఒక్కరైనా చూశామని చెబుతారని ఆమె ఆశ. ఆమెను కాపాడ్డానికి కూడా వాళ్ళు చూడలేదనే అన్నారు.

యువకుడు సవేరియోను అడిగాడు. అతని చెయ్యి మణికట్టు నుంచి వేలాడుతోంది, మొహం పాలిపోయింది. అత్త చేతిలో తన్నులు తిన్నానని చెప్పుకునే మగాడు బల్లారోలో ఇంకా పుట్టలేదు. "జారాను" అన్నాడు పళ్ళు బిగించి. బజారంతా హమ్మయ్య అనుకుంది.

ఇక మిగిలింది విదేశీయులు. వాళ్ళు ఏమంటారో చెప్పమని పోలీసు అడిగాడు. అడిగింది ఎన్జానే, ఎందుకంటే వాళ్ళు మాట్లాడే ఇంగ్లీషు తెలిసింది అక్కడ ఆమెకొక్కదానికే. పూసల పెద్దావిడ వణుకుతూ చెప్పింది. ఈ మనిషి ఆ పిల్లను ఐసులో ముంచి చంపుతున్నాడు, తల్లి వచ్చి కాపాడింది, నేను కళ్ళారా చూశాను, ఎక్కడికి రమ్మన్నా వచ్చి చెబుతాను అంది. జీవితమంతా ఎన్జా ఎదురుచూసిన మాట అది. అది పరాయి నోట, పరాయి భాషలో, అక్షరం పొల్లుపోకుండా వచ్చింది. పోలీసు ఆమె వంక చూస్తున్నాడు.

"ఎండదెబ్బ తగిలిందట, ఏమీ చూడలేదట" అంది ఎన్జా.

అన్న తర్వాత తన నోరు తనదేనా అనిపించింది. భయమా అంటే భయమే. అంతకన్నా ఎక్కువ అలవాటు. పుట్టిన దగ్గర్నుంచీ అందరూ పాడిన పాట తన వంతు వచ్చేసరికి తనూ పాడేసింది. పెద్ద పోలీసుకు బజారులో అడుగు పెట్టినప్పుడే కథంతా తెలిసిపోయింది. సరే, జారాడు అని రాసుకో అని యువకుడికి చెప్పాడు. సవేరియో గోడ పట్టుకుని లేచాడు. ఎడమచేత్తో నిన్ఫాను పిలిచాడు.

"పదవే, ఇంటికి పోదాం" అన్నాడు. మెత్తగా అన్నాడు.

నిన్ఫా కదల్లేదు. జుట్టులోంచి ఐసు నీళ్ళు కారుతున్నాయి, చెంప మీద చేప పొలుసు అంటుకుని ఉంది, ఒక కన్ను పూర్తిగా మూసుకుపోయింది. ఆమె అందర్నీ ఒక్కొక్కరినే చూసింది. చివరికి తల్లిని చూసింది. తల్లి మాట మార్చి చెప్పిందని ఆమెకు ఇంగ్లీషు రాకపోయినా అర్థమైంది, ఆ పెద్దావిడ ఏడుపు మొహం చూస్తే ఎవరికైనా అర్థమవుతుంది.

"ఎవరూ జారలేదు" అంది.

బస్తియానో చటుక్కున తల తిప్పి, "సొరకొసలు" అని అందుకోబోయాడు. పాపం, ఆయనకు చేతనైన సాయం అదొక్కటే. నిన్ఫా అంతకన్నా గొంతు పెంచింది. గంప మొమ్మో కూతురు, అరవడం రాకపోవడమేమిటి.

"మా అమ్మ కొట్టింది. ఆ సుత్తితో కొట్టింది. నేను చూశాను, రాసుకోండి. ఎందుకు కొట్టిందో కూడా చెప్తాను, అదీ రాసుకోండి."

పెద్ద పోలీసు, బాగా ఆలోచించుకో అమ్మా, మీ అమ్మ జైలుకు పోతుంది అన్నాడు. నిన్ఫా తల్లి వంక చూసింది. ఎన్జా పగిలిన పెదవితో, కానియ్యమన్నట్టు తలూపింది. ఆ క్షణంలో ఆమెకు భయం లేదు. 

చేతికి గుడ్డ చుట్టి ఆమెను జీపు ఎక్కించారు. హాలండువాళ్ళు జీపు చుట్టూ నిలబడిపోయారు, ఎక్కడికీ వెళ్ళలేదు. అంగడి ముందు నిన్ఫా నిలబడి మొదటి రోజు నుంచీ చెప్పడం మొదలుపెట్టింది. బెల్టు గురించి చెప్పింది, వేడి నూనె గురించి చెప్పింది, ఆగకుండా చెప్పింది. కాస్త నిదానంగా చెప్పమ్మా అని యువకుడు రెండుసార్లు బతిమాలాడు. బజారు మొత్తం నోరెత్తకుండా వింటోంది. జీపు తలుపు తెరిచే ఉంది. నిన్ఫా చెబుతున్న వాటిలో సగం ఎన్జాకు తెలియనివే. నిరుడు నిన్ఫాకు పోయిన కడుపు దానంతట అది జారిపోయింది కాదని, తన్నితే పోయిందని అప్పుడే తెలిసింది. వినలేక చెవులు మూసుకోవాలనిపించింది. మూసుకోలేదు.